శుక్రవారం సాయంత్రం ఇంటిపేర్లు: ఒక కళాశాల రేడియో కార్యక్రమం

ఆంధ్ర సరిహద్దుకు దగ్గరగా, తెలంగాణ వైపున ఉన్న మా చిన్న పట్టణంలో ఒక కళాశాల సొంతంగా రేడియో కేంద్రం నడుపుతోంది. అక్కడి విద్యార్థులు ప్రతి శుక్రవారం సాయంత్రం ఆరు గంటలకు ఇంటిపేర్ల పుట్టుపూర్వోత్తరాల మీద అరగంట కార్యక్రమం ఇస్తారు. ఆదివారం ఉదయం దాన్నే మళ్ళీ వేస్తారు. గత వేసవి నుంచి ఒకటి రెండు వారాలు మినహా నేను వదలకుండా విన్నాను. కళాశాల పేరు ఇక్కడ రాయడం లేదు. నేను చెప్పబోయే లోపాలు పందొమ్మిది, ఇరవయ్యేళ్ళ పిల్లలవి. వాళ్ళు ఇంకా నేర్చుకుంటున్నారు. ఉద్యోగ జీవితమంతా మండల కార్యాలయంలో పేర్లు రాస్తూ గడిపినవాణ్ణి కనుక ఈ విషయం మీద నాకు ఆసక్తితో పాటు కొంత చాదస్తం కూడా ఉందని ముందే ఒప్పుకుంటున్నాను.

మొదట వినికిడి సంగతి. ఇటువంటి కేంద్రాలకు ప్రభుత్వం సాధారణంగా అనుమతించే ప్రసార శక్తి 100 వాట్లు, ఏంటెనా ఎత్తు 30 మీటర్లు. ఆ శక్తితో మాట ఎనిమిది, పది కిలోమీటర్లు వెళ్ళిందంటే బాగా వెళ్ళినట్టే. మా వీధిలో గొంతులు నిక్కచ్చిగా వినబడతాయి. చెరువు కట్ట దాటి రైల్వే గేటు దగ్గరికి వచ్చేసరికి గరగర మొదలవుతుంది. ఆ పైన ఏదో పెద్ద స్టేషన్ పాట వచ్చి దీన్ని మింగేస్తుంది. ఫోనులో వినదలచినవారు చెవిలో పెట్టుకోకపోయినా సరే ఇయర్‌ఫోన్ తీగను తగిలించాలి, ఆ తీగే ఏంటెనాగా పనిచేస్తుంది. కొత్త ఫోన్లలో చాలావాటికి ఎఫ్‌ఎం సౌకర్యమే లేదు కాబట్టి మా ఇంట్లో పాత ట్రాన్సిస్టరుకు మళ్ళీ గౌరవం వచ్చింది.

గాలి తరంగాలు ప్రజల ఆస్తి అని సుప్రీంకోర్టు 1995లో తీర్పు చెప్పిన తరువాత కూడా ఈ చిన్న కేంద్రాలకు దారి వెంటనే తెరుచుకోలేదు. విద్యాసంస్థలకు 2002 చివర్లో అనుమతి వచ్చింది. 2004లో చెన్నైలోని అన్నా విశ్వవిద్యాలయం దేశంలో మొదటి కళాశాల రేడియోను ప్రారంభించింది. 2006లో స్వచ్ఛంద సంస్థలకూ అవకాశం ఇచ్చారు. అయితే సొంతంగా వార్తలు చదివే హక్కు మాత్రం వీటికి లేదు. కార్యక్రమాల్లో కనీసం సగం స్థానికుల భాగస్వామ్యంతో తయారు కావాలన్నది మరో నియమం. వార్తలు చెప్పకూడదు, ఊరి మనుషులను మాట్లాడించాలి అన్నప్పుడు ఎవరైనా సాధారణంగా వంటలు, పాటలు, పరీక్షల సలహాల వైపు పోతారు. ఈ పిల్లలు ఇంటిపేర్లను ఎంచుకున్నారు. ఇంటిపేరు గుట్టు గ్రంథాలలో కన్నా పదిమైళ్ళ లోపల ఉన్న ముసలివాళ్ళ నోళ్ళలో ఎక్కువగా ఉంటుంది కనుక, పదిమైళ్ళైనా పోలేని రేడియోకు ఇంతకంటే తగిన విషయం దొరకదు.

కార్యక్రమం అమరిక సులువుగా ఉంటుంది. వ్యాఖ్యాతలు ఒక అమ్మాయి, ఒక అబ్బాయి. మొదటి పది నిమిషాలు వాళ్ళ తెలుగు అధ్యాపకుడు ఒక విషయం విడమరుస్తారు, తరువాత ఫోన్లు. ఆ పది నిమిషాలే ఈ కార్యక్రమానికి వెన్నెముక. ఊరిపేర్ల మీద ఆయన చేసిన మూడు వారాల పాఠం నేను విన్న రేడియో ప్రసంగాల్లో మేలైన వాటిలో ఒకటి. ఊరు అన్న మాటకు మరో మాట చేరేటప్పుడు ఊరి అవుతుంది, ఇల్లు ఇంటి అవుతుంది, నోరు నోటి అవుతుంది. బళ్ళో ఔపవిభక్తికాలని బట్టీపట్టి మరచిపోయిన ఈ సంగతే మన ఇంటిపేర్లలో శిలాశాసనంలా నిలిచి ఉంది. కందుకూరు నుంచి కందుకూరి, టంగుటూరు నుంచి టంగుటూరి, కొండవీడు నుంచి కొండవీటి వచ్చాయి. పాడుతో ముగిసే ఊళ్ళ నుంచి పాటితో ముగిసే ఇంటిపేర్లు వచ్చాయి. అంతెందుకు, ఇంటిపేరు అన్న మాటలోనే ఇల్లు ఇంటిగా మారి కూర్చుని ఉంది కదా అని ఆయన అన్నప్పుడు, ఇన్నేళ్ళు ఆ మాటను రోజుకు యాభైసార్లు రాసిన నాకు ఒకసారైనా తట్టలేదే అనిపించింది. నియమానికి లొంగనివి కూడా ఆయన దాచలేదు: నిడదవోలు వారు ఊరిపేరును ఉన్నదున్నట్టే ఉంచుకున్నారు.

అంతకంటే విలువైన మాట రెండో వారంలో వచ్చింది. ఊరిపేరు ఇంటిపేరైందంటే ఆ కుటుంబం ఆ ఊరు వదిలిందని అర్థం. టంగుటూరులో అందరూ టంగుటూరు వాళ్ళే. అక్కడ ఒకరిని ఆ పేరుతో గుర్తుపట్టవలసిన అవసరం లేదు. పొరుగూరికి కాపురం మార్చినప్పుడే అక్కడివాళ్ళు ‘టంగుటూరి వారు’ అంటారు. పేరు పెట్టింది మనం కాదు, మనలను చేర్చుకున్న ఊరు. గాయకుడు ఘంటసాల వెంకటేశ్వరరావు 1922లో పుట్టింది గుడివాడ దగ్గరి చౌటపల్లిలో. బౌద్ధ శిథిలాలకు పేరుపొందిన ఘంటసాల అన్న ఊరు ఆ జిల్లాలోనే వేరొకచోట ఉంది. కందుకూరి వీరేశలింగం 1848లో పుట్టింది రాజమహేంద్రవరంలో. ఈ ఉదాహరణలు వింటూ నేను మా బంధువుల ఇంటిపేర్లన్నీ వేళ్ళమీద లెక్కవేసుకున్నాను. ఏ ఒక్కరూ తమ ఇంటిపేరు ఊళ్ళో లేరు.

ఫోన్ల భాగంలో నాణ్యత ఒక్కసారిగా ఎగుడుదిగుడవుతుంది. అధ్యాపకుడు లేని వారాల్లో వ్యాఖ్యాతలు పేరు వినగానే అర్థం చెప్పేయాలని తొందరపడతారు. ఒకసారి ఉప్పులూరి వారి ఇంటి నుంచి ఒక పెద్దావిడ ఫోను చేశారు. అబ్బాయి వెంటనే, ‘అయితే మీ పెద్దలు ఉప్పు వ్యాపారం చేసేవారన్నమాట, అమ్మమ్మా’ అన్నాడు. రెండు క్షణాలు నిశ్శబ్దం. వెనుక ఎక్కడో ప్రెషర్ కుక్కర్ కూత వినబడింది. ఆవిడ నెమ్మదిగా, ‘కాదు నాయనా, ఉప్పులూరు బెజవాడ పక్కన ఊరు. మా మామగారి తాత అక్కడి నుంచి ఎడ్లబండి మీద వచ్చాడు. బండిలో ఉప్పు ఉందో లేదో నాకు తెలియదు’ అన్నారు. అమ్మాయి నవ్వు ఆపుకోలేకపోయింది, అబ్బాయి కూడా బుద్ధిగా ఒప్పుకున్నాడు. ఈ కార్యక్రమంలో నాకు నచ్చిన అరనిమిషం అదే. వస్తువులా కనబడే పేరు వెనుక ఊరు ఉండవచ్చునన్న పాఠాన్ని అధ్యాపకుడు అరగంట చెప్పినా అంత గట్టిగా నాటుకోదు. తరువాతి వారం ఆయన దానికి కాకర్లను జోడించారు: తిరువయ్యారులో స్థిరపడిన త్యాగరాజు ఇంటిపేరు కాకర్ల, వినగానే కాకరకాయ గుర్తొస్తుంది, కాని కంభం ప్రాంతంలో కాకర్ల అన్న ఊరుంది.

అన్ని తప్పులూ ఇంత అందంగా దిద్దుబాటు కావు. నూకల వారి పేరు బియ్యపు నూకల నుంచి వచ్చిందని ఒకరు, నూకాలమ్మ తల్లి నుంచి వచ్చిందని మరొకరు వాదించుకుంటే, వ్యాఖ్యాత ‘రెండూ కరెక్టే’ అని పాట వేశాడు. రెండూ ఎలా సరైనవవుతాయి? ఆధారం దొరకలేదు అనడానికి సిగ్గుపడనక్కరలేదు. పులి, ఏనుగు, మేకా వంటి జంతువుల పేర్లకైతే ప్రతి ఇంట్లోనూ ఒక వీరగాథ సిద్ధంగా ఉంటుంది. పులి వారి తాత తప్పకుండా పులిని చంపే ఉంటాడు, అదీ ఒట్టి చేతులతో. వినడానికి బాగుంటాయి, కాని కథకూ రుజువుకూ తేడా చెప్పకుండా వదిలేయడం ఈ కార్యక్రమానికి ఉన్న చెడ్డ అలవాటు.

నాకు నిజంగా బాధ కలిగించింది మాత్రం వేరే సందర్భం. దసరాకు ముందు వారం ఒక నడివయసు స్త్రీ మాట్లాడింది. మీ ఇంటిపేరేమిటమ్మా అని అడిగితే, ‘కార్డు మీద ఉన్నది చెప్పాలా, ఇంట్లో అనుకునేది చెప్పాలా’ అంది. ఆ ప్రశ్నలో ఒక పూర్తి కార్యక్రమం ఉంది. వ్యాఖ్యాతకు అర్థం కాలేదు. ‘ఏదైనా పర్వాలేదండీ’ అని నవ్వి, మీకిష్టమైన పాట ఏదని అడిగాడు. ఆమె పాట పేరు చెప్పి ఫోను పెట్టేసింది.

ఆమె అడిగింది నాకు అర్థమైంది. మా వైపు పహాణీలు, అంటే ఊరి భూముల లెక్కల పుస్తకాలు, తిరగేస్తే పట్టాదారు గడిలో చాకలి, కుమ్మరి, గొల్ల, మంగలి అన్న మాటలు ఇంటిపేరు ఉండవలసిన చోట కనబడతాయి. ఆ ఇళ్ళకు ఇంటిపేర్లు లేక కాదు, రాసినవాడు అడగలేదు. విసునూరు దేశ్‌ముఖ్‌ను ఎదిరించి తన పంటను దక్కించుకున్న ఐలమ్మ ఇంటిపేరు చిట్యాల. లోకం ఆమెను చాకలి ఐలమ్మ అనే పిలిచింది. 2024లో హైదరాబాదులోని మహిళా విశ్వవిద్యాలయానికి పెట్టిన పేరు కూడా అదే. ఆ పేరును గర్వంగా చెప్పుకునేవారున్నారు, అది వారి హక్కు. కాని ఊరిపేరు ఇంటిపేరైన కుటుంబాల వలస చరిత్ర మీద మూడు వారాలు వెచ్చించిన కార్యక్రమం, వృత్తిని ఇంటిపేరుగా తగిలించుకోవలసి వచ్చిన కుటుంబాలకు మూడు నిమిషాలు ఇవ్వలేకపోయింది. నకళ్ళు రాసిచ్చే రోజుల్లో నేనూ పాత పుస్తకంలో ఉన్నదాన్ని అడగకుండానే దించేశాను కనుక ఈ ఫిర్యాదులో నా వాటా నాకుంది. కళాశాలకు ఉత్తరం రాసి ఈ విషయం మీద ఒక వారం కేటాయించమని కోరాను. జవాబు మర్యాదగా వచ్చింది. కార్యక్రమం ఇంకా రాలేదు.

భాష గురించి ఒక మాట. అధ్యాపకుడు మాట్లాడుతున్నంతసేపు తెలుగు తేటగా ఉంటుంది. పిల్లలు మాత్రం నగరపు ఎఫ్‌ఎం స్టేషన్లను అనుకరిస్తూ మాటకు రెండు ఇంగ్లీషు మాటలు కలిపి, ఊపిరి తీసుకోకుండా పరుగెడతారు. ఫోను చేసిన పెద్దవాళ్ళు వాళ్ళ వేగానికి కంగారుపడి చెప్పదలచినది మరచిపోతారు. జహీరాబాద్ దగ్గర మాచనూరులో దళిత రైతు మహిళలు 2008 నుంచి నడుపుతున్న సంఘం రేడియో తమ ఊళ్ళ యాసలోనే మాట్లాడుతుంది. మా కేంద్రం పిల్లలు ఒకసారి అక్కడికి వెళ్ళి రెండు రోజులు కూర్చుని వస్తే బాగుంటుంది. ఇంట్లో తాము మాట్లాడే మాటే మైకు ముందు కూడా సరిపోతుందని ఎవరో ఒకరు వాళ్ళకు చెప్పాలి. సాంకేతికంగా పెద్ద ఇబ్బందులు లేవు. ఫోను గొంతు ఒక్కోసారి బావిలోంచి వచ్చినట్టుంటుంది, ప్రకటనలు కొద్దిగానే ఉంటాయి.

మార్కులు వేయమంటే ఐదుకు మూడున్నర వేస్తాను. మొదటి పది నిమిషాలకే అయితే నాలుగున్నర. ఆదివారం పునఃప్రసారం కన్నా శుక్రవారం వినడమే మేలు, ఎందుకంటే పునఃప్రసారంలో ఫోన్ల భాగాన్ని కుదిస్తారు. కుదించేటప్పుడు పోయేవి ఎప్పుడూ తడబాటు మాటలే, మంచి సంగతులు ఉండేదీ వాటిలోనే. ఫోను చేయదలచినవారు ఆరుంబావు నుంచి ప్రయత్నించాలి, అంతకుముందు ఎవరూ ఎత్తరు.

పాత భాగాలు కావాలని అడిగితే కంప్యూటరులో చోటు చాలక మూడు నెలలకొకసారి చెరిపేస్తున్నామని చెప్పారు. ఉప్పులూరి పెద్దావిడ మాటలను నేను ట్రాన్సిస్టరు పక్కన ఫోను పెట్టి ఎక్కించుకున్నాను, కుక్కర్ కూతతో సహా భద్రంగా ఉన్నాయి. కార్డు మీద ఉన్నది చెప్పాలా, ఇంట్లో అనుకునేది చెప్పాలా అని అడిగిన ఆమె గొంతు మాత్రం నా దగ్గర లేదు, వాళ్ళ దగ్గరా లేదు.