పుస్తకం పట్టుకుని సవానాకి

అట్లాంటాలో ఇన్నేళ్లుగా ఉంటూ సవానా చూడలేదంటే ఆఫీసులో ఎవరూ నమ్మలేదు. 250 మైళ్లు, నాలుగు గంటల డ్రైవ్. అయినా అమ్మ వచ్చేదాకా కుదరలేదు. అమ్మ తెనాలిలో హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పి రిటైరైంది. ఏ పుస్తకం చేతికొచ్చినా ముందు పాత క్యాలెండరు కాగితంతో అట్ట వేశాకే చదవడం మొదలుపెడుతుంది. నా అల్మరాలో ఎన్నాళ్లుగానో పడి ఉన్న జాన్ బెరెంట్ పుస్తకం ‘మిడ్‌నైట్ ఇన్ ద గార్డెన్ ఆఫ్ గుడ్ అండ్ ఈవిల్’కి కూడా అలాగే అట్ట వేసి, మూడు రోజుల్లో ముగించి, “ఈ ఊరు మనకి దగ్గరేనటగా?” అంది. మార్చి ఆఖరి వారంలో బయల్దేరాం.

ఆ పుస్తకం గురించి చెప్పకుండా సవానా గురించి చెప్పలేను. 1994లో వచ్చింది. న్యూయార్క్ టైమ్స్ బెస్ట్ సెల్లర్ జాబితాలో 216 వారాలు ఉంది. చదువుతుంటే నవలలా ఉంటుంది గానీ సవానాలో నిజంగా జరిగిన కథే. పురాతన వస్తువుల వ్యాపారి జిమ్ విలియమ్స్ 1981లో తన ఇంట్లోనే డానీ హాన్స్‌ఫర్డ్ అనే కుర్రాణ్ణి కాల్చాడు. ప్రాణం కాపాడుకోవడానికి కాల్చానన్నాడు. ఒకే కేసు మీద నాలుగుసార్లు విచారణ జరిగి, 1989లో నిర్దోషిగా బయటపడ్డాడు. ఏడాది తిరక్కుండానే, 1990 జనవరిలో, అదే ఇంట్లో పోయాడు.

మా ఇద్దరికీ నచ్చింది మాత్రం హత్య కాదు. దాదాపు సగం పుస్తకం దాకా రచయిత ఊళ్లో మనుషుల్నే చూపిస్తూ పోతాడు. దారాలు కట్టిన ఈగల్ని కోటుకి తగిలించుకుని తిరిగే అతను, ఎప్పుడో చచ్చిపోయిన కుక్కని షికారుకి తిప్పే పనివాడు, సమాధుల దగ్గర అర్ధరాత్రి తంతు చేసే మినర్వా, నోటికి అడ్డూ అదుపూ లేని డ్రాగ్ షోల రాణి లేడీ షాబ్లీ. “మన ఊళ్లోనూ వీధికొకడు ఉండేవాడే ఇలాంటివాడు. రాసినవాడే లేడు” అంది అమ్మ. ‘అమరావతి కథలు’ చదివి కృష్ణ ఒడ్డుకి వెళ్లినవాళ్లకి ఈ యావ అర్థమవుతుంది. మనిషి కనిపించడని తెలుసు, అయినా ఆ మెట్టు మీద కాసేపు కూర్చోవాలనిపిస్తుంది.

ముందు బస సంగతి. మొదటి రాత్రికి పాతబస్తీ మధ్యలో ఒక పాతకాలపు ఇన్ తీసుకున్నాను. పేరు చెప్పను. ఫోటోల్లో పందిరి మంచం, ఎత్తైన కిటికీలు, అన్నీ బాగానే ఉన్నాయి. వెళ్లాక తెలిసింది, గది మూడో అంతస్తులో, లిఫ్టు లేదు. అమ్మ మోకాళ్ల గురించి బుకింగ్‌లో రాశానని చెప్తే కౌంటర్లో అమ్మాయి చాలా మర్యాదగా నవ్వింది, అంతే. దెయ్యం తిరుగుతుందని చెప్పుకునే గది ఒకటి ఉందట, దానికి రేటు ఎక్కువ, అదీ ఖాళీ లేదు. మాకు దెయ్యమూ లేదు, లిఫ్టూ లేదు. కారు పార్కింగ్‌కి రాత్రికి వేరే డబ్బులు. తెల్లవార్లూ ఎవరు కదిలినా చెక్క నేల కిర్రుమంటూనే ఉంది.

రెండో రాత్రి పూలర్ వైపు, హైవే పక్కన మామూలు హోటల్‌కి మారాం. అందం ఏమీ లేదు. కారు ఆపడానికి డబ్బులక్కర్లేదు, లిఫ్టుంది, పొద్దున్నే టిఫిన్ ఉంది, ఊళ్లోకి ఇరవై నిమిషాలు. పెద్దవాళ్లతో వెళ్లేవాళ్లకి నేనైతే ఇదే చెప్తాను. కుర్రజంటలైతే ఊళ్లోనే ఉండండి, రాత్రి దీపాల కింద స్క్వేర్లలో నడవడం కోసమైనా. మార్చి 17 అటూ ఇటూ మాత్రం వద్దు. సెయింట్ పాట్రిక్స్ డే ఈ ఊరికి పెద్ద తిరునాళ్ల లాంటిది, గదుల రేట్లు చుక్కల్లో ఉంటాయి.

ఊరిని 1733లో జేమ్స్ ఓగుల్‌థార్ప్ గళ్లనుడికట్టులా గీసి కట్టించాడు. నాలుగు వీధులకొకసారి ఒక చిన్న పార్కు, దాన్నే స్క్వేర్ అంటారు. 24 వేశారు, 22 మిగిలాయి. దాదాపు అన్నిట్లో లైవ్ ఓక్ చెట్లు, కొమ్మల నుంచి జడలు విరబోసుకున్నట్టు వేలాడే స్పానిష్ మాస్. అది నాచూ కాదు, స్పెయిన్‌దీ కాదు, అనాస కుటుంబం మొక్క. బెంచీలకి లోటు లేదు, ఎండ తగలదు, రోడ్డు దాటుతుంటే కార్లు ఆగుతాయి. అమ్మ ఒక్కో స్క్వేర్‌లో పది నిమిషాలు కూర్చుంటూ ఊరంతా నడిచేసింది. నడవలేనప్పుడు ‘డాట్’ అనే ఉచిత బస్సు ఎక్కాం. నదికి అవతలి ఒడ్డుకి పడవ కూడా ఉచితమే. ఈ రెండింటికీ పూర్తి మార్కులు వేస్తాను.

మాంటెరీ స్క్వేర్‌లో ఉన్న మెర్సర్ విలియమ్స్ హౌస్ మా మొదటి మజిలీ. పేరు మెర్సర్‌ది గానీ ఆ ఇంట్లో మెర్సర్లెవరూ ఎప్పుడూ కాపురం లేరు. పాటల రచయిత జానీ మెర్సర్ ముత్తాత 1860లో కట్టడం మొదలుపెట్టాడు, అమెరికా అంతర్యుద్ధం అడ్డం వచ్చింది, ఇల్లు చేతులు మారింది. పాడుబడ్డదాన్ని 1969లో విలియమ్స్ కొని బాగుచేశాడు. ఇప్పుడు కింది అంతస్తు తిప్పి చూపిస్తారు. ఫర్నిచర్, చిత్రపటాలు బాగున్నాయి. పుస్తకం చదవనివాళ్లు వెళ్తే ఒక డబ్బున్న ఇల్లు చూసొచ్చినట్టే ఉంటుంది. చదివినవాళ్లు కాల్పులు జరిగిన ఆ చదువుల గది గుమ్మం దగ్గర కాళ్లాడక నిలబడిపోతారు. అమ్మ నిలబడిపోయింది.

రాత్రి దెయ్యాల టూర్ తీసుకోవడం నా తప్పే. ఈ ఊళ్లో అలాంటివి బోలెడు. పైకప్పు కోసేసిన పాత శవవాహనాల్లో తిప్పేవాళ్లు కూడా ఉన్నారు. మా బండి గైడు ప్రతి ఇంటి ముందూ ఒకే కథ చెప్పాడు, పేర్లు మార్చి. ఓగుల్‌థార్ప్ అవెన్యూలో ఒక ఇంటి ముందు ఆపి, “ఇక్కడ భర్త భార్యని కాల్చేశాడు, రాత్రుళ్లు అరుపులు వినిపిస్తాయి” అన్నాడు. అది కాన్రాడ్ ఐకెన్ చిన్నప్పుడు పెరిగిన ఇల్లు. 1901లో వాళ్ల నాన్న వాళ్లమ్మని కాల్చి తనను తాను కాల్చుకున్నాడు. ఆ రెండు మోతలూ విని గదిలోకి వెళ్లి చూసినవాడు పదకొండేళ్ల కాన్రాడ్. తర్వాత పెద్ద కవి అయ్యాడు, 1930లో పులిట్జర్ వచ్చింది, ముసలితనంలో మళ్లీ ఇదే వీధికి వచ్చి ఆ ఇంటి పక్కింట్లో ఉన్నాడు. ఆ పక్కింటి సంగతి వింటే ఏ అరుపులూ అక్కర్లేదు. గైడుకి అది తెలియదో, తెలిసీ అమ్ముడుపోదనుకున్నాడో. అమ్మ నా చెవిలో, “పక్కింట్లో ఎలా పడుకున్నాడే ఆయన?” అంది. మిగతా టూరంతా మేము అదే మాట్లాడుకున్నాం.

మర్నాడు పొద్దున్నే బోనవెంచర్ శ్మశానానికి వెళ్లాం. ఊరికి తూర్పున కొద్ది మైళ్లు, విల్మింగ్టన్ నది ఒడ్డున. టికెట్ లేదు. శ్మశానానికి షికారేమిటని అమ్మ మొదట మొహం చిట్లించింది గానీ, పూసిన అజేలియాలు చూశాక సర్దుకుంది. ఐకెన్ సమాధి తల్లిదండ్రుల పక్కనే, రాతి బెంచీ ఆకారంలో ఉంటుంది. వచ్చినవాళ్లు కూర్చుని మార్టినీ తాగాలని ఆయన కోరుకున్నాడని ఊళ్లో చెప్పుకుంటారు. బెంచీ మీద ‘విశ్వ నావికుడు, గమ్యం తెలియదు’ అనే అర్థం వచ్చే మాటలున్నాయి. ఒకరోజు ఓడల రాకపోకల జాబితాలో ‘కాస్మాస్ మారినర్’ అన్న ఓడ పేరు పక్కన గమ్యం తెలియదని ఉండటం చూసి ముచ్చటపడి పెట్టుకున్నాడట. మేం మార్టినీ బదులు ఫ్లాస్కులో కాఫీ తాగాం.

బెరెంట్ పుస్తకం అట్ట మీద రెండు చేతుల్లో రెండు పళ్లేలు పట్టుకుని నిలబడే పిల్ల బొమ్మ కోసం ఇక్కడ వెతక్కండి. పుస్తకం పేరు మోగిపోయాక జనం ఎగబడి చుట్టుపక్కల సమాధులు తొక్కేస్తుంటే, బొమ్మ సొంతదారుల కుటుంబం దాన్ని అక్కణ్ణుంచి తీయించేసింది. ఇప్పుడది ఊళ్లో టెల్‌ఫెయిర్ మ్యూజియం వాళ్ల దగ్గరుంది. మాకు గ్రేసీ వాట్సన్ దొరికింది. 1889లో న్యుమోనియాతో పోయిన, హోటల్ మేనేజర్ గారి ఆరేళ్ల అమ్మాయి. ఫోటో చూసి చెక్కిన పాలరాతి బొమ్మ, బూటు లేసు మడతతో సహా ఉంటుంది. కంచె దగ్గర ఎవరెవరో పెట్టి వెళ్లిన బొమ్మలు, చాక్లెట్లు. అమ్మ చేతిసంచీలోంచి పల్లీ పట్టీ ఒకటి తీసి పెట్టింది.

లఫాయెట్ స్క్వేర్‌లో రచయిత్రి ఫ్లానరీ ఓకానర్ ఇల్లు మాత్రం వదులుకోవద్దు. ఈ ఊళ్లో నాకు బాగా గిట్టుబాటైన టికెట్ ఇదే. 1925లో పుట్టి, పదమూడేళ్లు వచ్చేదాకా పెరిగిన ఇల్లు. చిన్న ఇల్లు, చిన్న గదులు, ఎదురుగా పెద్ద చర్చి. ఐదారేళ్ల వయసులో ఒక కోడిపిల్లకి వెనక్కి నడవడం నేర్పిందని న్యూస్‌రీల్ వాళ్లు వచ్చి చిత్రీకరించారు. ఇల్లు చూపించినావిడ మా ఇద్దరికే అరగంట పైగా చెప్పింది, తొందరపెట్టలేదు. అమ్మ టీచరని తెలిశాక ఆవిడే ప్రశ్నలు అడగడం మొదలుపెట్టింది.

తిండి దగ్గర శాకాహారులకి కొంచెం టెన్షనే. కోలార్డ్ ఆకుకూర చూసి సంబరపడొద్దు, చాలాచోట్ల పంది మాంసం ముక్క వేసి ఉడికిస్తారు. అడిగి తీసుకోండి. గ్రిట్స్ అంటే మొక్కజొన్న రవ్వ జావ. రొయ్యలు లేకుండా తెప్పించి, ఇంటి నుంచి తెచ్చిన ఆవకాయ కలిపితే అమ్మ రెండోసారి వడ్డించుకుంది. రోడ్డు పక్కన ఉడకబెట్టిన వేరుశనక్కాయలు వేడివేడిగా అమ్ముతారు, ఉప్పు కాస్త ఎక్కువ. 1919లో మొదలైన లియోపోల్డ్స్ ఐస్‌క్రీమ్ దగ్గర క్యూ పొడుగ్గా ఉంది, రుచి క్యూకి తగ్గట్టే ఉంది.

రివర్ స్ట్రీట్ నాకు పెద్దగా ఎక్కలేదు. టీషర్టులు, మిఠాయి కొట్లు, మోకాళ్లకి ఏమాత్రం పనికిరాని గులకరాళ్ల దారి. ఒక్క ‘వేవింగ్ గర్ల్’ విగ్రహం కోసం వెళ్లాం. ఫ్లోరెన్స్ మార్టస్ అనే ఆవిడ 1887 నుంచి 1931 దాకా వచ్చిపోయే ప్రతి ఓడకీ పగలు గుడ్డ, రాత్రి లాంతరు ఊపిందట. ఎవరో నావికుడి కోసమని ఊళ్లోవాళ్లు కథ కట్టారు. ఆవిడ అన్నయ్య ఒక దీవిలో లైట్‌హౌస్ చూసుకునేవాడు, అక్కడ ఉన్నది వాళ్లే. “ఏమీ తోచక ఊపి ఉంటుంది పాపం” అంది అమ్మ. నాకు అమ్మ కథే నమ్మబుద్ధేసింది.

ఓవెన్స్ థామస్ హౌస్‌కి వెళ్లేసరికి మూడో రోజు. 1819 నాటి భవనం. పేరులోనే ‘బానిసల వసతి’ అన్న మాట 2018లో చేర్చారు. టూర్ మొదలయ్యేది కూడా ఆ వసతి నుంచే. అక్కడి పైకప్పుకి పాత నీలి రంగు ఇంకా ఉంది. దుష్టశక్తులు రాకుండా వేసే రంగది, ‘హెయింట్ బ్లూ’ అంటారు. మొన్న రాత్రి బండిలో విన్న దెయ్యాలన్నీ ఒక ఎత్తు, ఈ పైకప్పు ఒక ఎత్తు.

ఆ సాయంత్రం మాడిసన్ స్క్వేర్ దగ్గర ఈ. షేవర్ పుస్తకాల షాపులో, కిటికీ దగ్గర పిల్లి పడుకున్న బల్ల పక్కన, స్థానిక పుస్తకాల వరసలో అమ్మకి సూజీ కింగ్ టేలర్ దొరికింది. 1848లో బానిసగా పుట్టిన పిల్ల. నల్లవాళ్లకి చదువు చెప్పడం నేరమైన రోజుల్లో, ఇదే ఊళ్లో బే లేన్‌లో ఒక వితంతువు ఇంట్లో దొంగచాటుగా నడిచిన బడికి వెళ్లింది. తర్వాత అంతర్యుద్ధంలో నల్ల సైనికుల దళంతో ఉండి నర్సుగా పనిచేసింది, సైనికులకి అక్షరాలు నేర్పింది, 1902లో తన కథ తనే అచ్చు వేయించుకుంది. బానిసత్వాన్ని సమర్థించిన కల్హూన్ పేరుతో ఉన్న స్క్వేర్‌కి 2023లో ఈవిడ పేరు పెట్టారు. రెండు రోజులుగా మేం ఆ చుట్టుపక్కలే తిరిగాం. దెయ్యాల బండి ఒక్క ముక్క చెప్పలేదు.

తిరుగు ప్రయాణంలో పొట్లంలో వేరుశనక్కాయలు, కార్లో అమ్మ గొంతు. పైకి చదువుతోంది. రోజూ తొమ్మిదింటికి బడికి వెళ్లేవాళ్లమనీ, పోలీసులకీ తెల్లవాళ్లకీ కనపడకుండా పుస్తకాలకి కాగితం చుట్టుకునేవాళ్లమనీ ఉన్నచోట ఆగింది. ఒళ్లో ఉన్న పుస్తకాన్ని తిరగేసి చూసింది. దానికి అప్పటికే షాపువాళ్లిచ్చిన గోధుమరంగు సంచీ చింపి అట్ట వేసేసింది.

“మేకన్ ఇంకా ఎంతసేపే?” అంది.

“గంట.”

“అయితే ఇంకో చాప్టర్ అవుతుంది” అని మళ్లీ మొదలుపెట్టింది.