లేసర్ కంటి ఆపరేషన్‌కి అడ్వాన్స్ కట్టేముందు చదవండి: "రెండు రోజుల్లో ఆడుకోవచ్చు" అంటే నమ్మకండి

ఒడిశాలో పర్లాకిమిడి, కాశీనగర్, గుణుపూర్, రాయగడ, బరంపురం వైపు ఉన్న మన తెలుగువాళ్ళ కోసం ఇది రాస్తున్నాను. కళ్ళజోడు వదిలించుకోవడానికి లేసర్ చేయించుకుందామనుకుంటున్నారా? మీకు ఆటలు, జిమ్, పరుగు, యోగా లాంటివి అలవాటున్నాయా? అయితే అడ్వాన్స్ కట్టకముందే ఇది పూర్తిగా చదవండి. ఆపరేషనే చెడ్డదని నేను అనడం లేదు. మా తమ్ముడికి ఆపరేషన్ బాగానే జరిగింది. తర్వాత ఏ వ్యాయామం ఎప్పుడు మొదలుపెట్టాలన్న దాని మీద మాకు చెప్పిన మాటే వాణ్ణి రెండోసారి ఆపరేషన్ బల్ల ఎక్కించింది.

తమ్ముడు కబడ్డీ ఆడతాడు. కళ్ళజోడు పెట్టుకుని కూతకు వెళ్ళడం కుదరదు. కాంటాక్ట్ లెన్స్ పెట్టుకుంటే ఒక్క పట్టుకే ఊడి మట్టిలో పడిపోయేది. అందుకే లేసర్ అనుకున్నాం. విశాఖలో ఒక లేసర్ సెంటర్‌కి తీసుకెళ్ళాను. ఫిర్యాదు చేస్తున్నాం కాబట్టి పేరు ఇక్కడ రాయడం లేదు.

డాక్టరుగారు పరీక్షలు చూసి, కార్నియా మందం సరిపోతుంది, లాసిక్ (లేసర్ ఆపరేషన్లో ఒక పద్ధతి) చేయొచ్చు అని చెప్పి వెళ్ళిపోయారు. తర్వాత చాలాసేపు మాతో మాట్లాడింది కౌన్సెలర్. ప్యాకేజీలు, ఈఎమ్ఐ, ఈ నెలాఖరు దాకానే డిస్కౌంట్. నేను సూటిగానే అడిగాను: "మావాడు ఆటలాడతాడు మేడమ్, మళ్ళీ ఎప్పుడు మొదలుపెట్టొచ్చు?" ఆవిడ ఏమాత్రం తడుముకోకుండా, "రెండు రోజులు రెస్ట్ తీసుకుంటే చాలండీ, జిమ్ అయినా ఆట అయినా హ్యాపీగా వెళ్ళొచ్చు. ఇప్పుడంతా బ్లేడ్ లేని టెక్నాలజీ" అన్నారు. ఏ ఆట ఆడతాడు అని మాత్రం అడగలేదు. ఆ ఒక్క ప్రశ్న అడిగి ఉంటే కథ ఇంత దూరం వచ్చేది కాదు.

ఇంటికి పంపేటప్పుడు చేతిలో పెట్టిన కాగితం మూడు మడతల నున్నటి ఆర్ట్ పేపర్. ముందువైపు కళ్ళజోడు లేకుండా నవ్వుతున్న జంట. లోపల చుక్కల మందుల పట్టిక పెద్ద అక్షరాల్లో. వెనక్కి తిప్పితే అట్టడుగున, సెంటర్ అడ్రసుకి పైన, చీమతలకాయంత ఇంగ్లీషు అక్షరాల్లో ఒక లైను: ఒంటికి ఒళ్ళు తగిలే ఆటలు నెల రోజులు వద్దు. మా ఇంట్లో మాట్లాడేది తెలుగు, తమ్ముడు చదివింది ఒడియా మీడియం. ఈ లైను చూడండి అని వేలు పెట్టి చూపించినవాళ్ళు లేరు. నోటితో ఒకటి చెప్పారు, కాగితంలో ఇంకొకటి రాశారు. సరిహద్దు ఇవతల నుంచి వెళ్ళే మనలాంటివాళ్ళు వినేది నోటిమాటే.

మర్నాడు చెకప్‌లో చూపు బాగుందన్నారు. నిజంగానే బాగుంది, గోడ మీద చిన్న అక్షరాలు కూడా చదివాడు. వారం తిరక్కముందే గ్రౌండ్‌కి వెళ్ళాడు. కూతలో అవతలివాడి చెయ్యి కుడికంటి మీదుగా రాసుకుపోయింది. పెద్ద దెబ్బేం కాదు, మామూలు కంటికైతే కాసేపు నీళ్ళు కారి ఊరుకునేది. వాడికి రాత్రయ్యేసరికి కన్ను తెరవలేనంత మంట, ఆగని నీళ్ళు, లైటు చూడలేకపోవడం, ఎదుటి మనిషి మొహం చెరిగిపోయినట్టు కనిపించడం మొదలైంది. సెంటర్‌కి ఫోన్ చేస్తే, "డ్రైనెస్ అయ్యుంటుంది, లూబ్రికేషన్ డ్రాప్స్ వేసుకోండి, సోమవారం రండి" అన్నారు.

మేం సోమవారం దాకా ఆగలేదు. తెల్లారగానే బరంపురంలో కంటి డాక్టరుకి చూపించాం. ఆయన స్లిట్ ల్యాంప్ (కంటిని పెద్దదిగా చేసి చూసే యంత్రం) కింద చూసి, ఫ్లాప్ పక్కకి జరిగింది, మడత పడింది, ఇవాళే సరిచేయించండి అన్నారు. మాకు అర్థం కావడానికి చీటీ వెనకాల గుండ్రంగా గీసి చూపించారు. కార్నియా అంటే నల్లగుడ్డు మీద ఉండే అద్దంలాంటి పొర. మధ్యలో దాని మందం సుమారు అర మిల్లీమీటరు. లాసిక్‌లో దాని మీద ఇంచుమించు 0.1 మిల్లీమీటరు మందాన పలచటి పొరను గుండ్రంగా కోసి, ఒక అంచు మాత్రం వదిలేసి, పుస్తకం అట్టలా వెనక్కి తిప్పుతారు. ఆ పొరనే ఫ్లాప్ అంటారు. లోపల లేసర్‌తో పవర్ సరిచేసి ఆ పొరను మళ్ళీ యథాస్థానంలో పరుస్తారు. దానికి కుట్లు ఉండవు. తనంతట తానే అతుక్కుంటుంది. అంచు త్వరగానే మూసుకుంటుంది గానీ, లోపలి అతుకు మునుపటి గట్టితనానికి ఎప్పటికీ పూర్తిగా రాదు. గట్టి దెబ్బ తగిలి ఏళ్ళ తర్వాత ఫ్లాప్ కదిలిన కేసులు కూడా ఉన్నాయి. బ్లేడ్ లేని టెక్నాలజీ అంటే కోసేది బ్లేడుకి బదులు లేసర్ అని అర్థం, కోత లేదని కాదు. ఈ సంగతి డబ్బు కట్టకముందు మాకు ఎవరూ చెప్పలేదు.

ఫ్లాప్ ఎత్తి, కింద కడిగి, మడతలు సాపు చేసి, బ్యాండేజ్ లెన్స్ (కంటికి కట్టులా పెట్టే మెత్తటి కాంటాక్ట్ లెన్స్) వేశారు. చేసింది మళ్ళీ ఆ సెంటర్లోనే, బిల్లు మాత్రం వేరే. "దెబ్బ తగలడం ప్యాకేజీలో రాదు, కాగితంలో రాశాం కదా" అన్నారు. చూపు చాలావరకు తిరిగొచ్చింది. రాత్రి బండి మీద వెళ్తే ఎదురు లైట్ల చుట్టూ వెలుగు చారలు కనిపించడం మాత్రం మిగిలింది. వాడికి ఇరవై రెండేళ్ళు. నా బాధంతా అదే.

ఆ తర్వాత ఇద్దరు డాక్టర్లను అడిగి, అమెరికాలో మందులు, వైద్య పరికరాల మీద అజమాయిషీ చేసే ఎఫ్‌డీఏ రోగులకు ఇచ్చే సూచనలు కూడా చూసి తెలుసుకున్నవి చెబుతాను. మీ కంటికి మీ సర్జన్ చెప్పిందే చివరి మాట. కానీ ఆ మాట సర్జన్ నోటి నుంచే రావాలి.

ఆటల్లో తేడా ఉంది. నడక లాంటివి, మనిషికి మనిషి తగలనివి సాధారణంగా ఒకటి నుంచి మూడు రోజుల తర్వాత మెల్లగా మొదలుపెట్టొచ్చంటారు. బాక్సింగ్, కరాటే లాంటి దెబ్బలాట ఆటలకు కనీసం నాలుగు వారాలు ఆగాలంటారు. మన కబడ్డీ, కుస్తీ ఈ రెండో రకంలోకే వస్తాయి. మాకు కౌన్సెలర్ చెప్పిన "రెండు రోజులు" నడక లెక్క, కబడ్డీకి ఇచ్చేశారు. నాలుగు వారాల తర్వాత కూడా ఆటలకని తయారయ్యే పాలీకార్బనేట్ (సులువుగా పగలని ప్లాస్టిక్) కళ్ళద్దాలు పెట్టుకోమని డాక్టర్లు చెప్పారు. క్రికెట్ బంతి, షటిల్ కాక్ కూడా కంటికి ప్రమాదమే. షటిల్ కాక్ సరిగ్గా కంటి గుంటలో పట్టేంత ఉంటుంది.

చెమట సంగతి వేరే చెప్పాలి. గంజాం, గజపతి వైపు ఉక్క మీకు తెలుసు, పొద్దున్న ఆరింటికే నాలుగు అడుగులు పరుగెత్తితే నుదుటి నుంచి ధార. అది కంట్లోకి దిగితే మండుతుంది, మండితే చెయ్యి తెలియకుండానే కంటి మీదికి వెళ్తుంది. మొదటి వారాల్లో కన్ను నలపడం ఫ్లాప్‌కి దెబ్బ తగలడంతో సమానం. అందుకే పరుగు మొదలుపెట్టినా నుదుటికి బట్ట పట్టీ కట్టుకోండి, శుభ్రమైన రుమాలుతో కంటి చుట్టూ అద్దుకోండి తప్ప తుడవకండి, దుమ్ము రోడ్ల మీద మామూలు జీరో పవర్ అద్దాలు పెట్టుకోండి. రాత్రి నిద్రలో నలుపుకోకుండా ఇచ్చే ప్లాస్టిక్ షీల్డ్‌ను డాక్టర్ చెప్పినన్నాళ్ళు టేపు వేసి పెట్టుకోవాల్సిందే. ఉక్కగా ఉందని తీసి పక్కన పెట్టొద్దు.

బరువులు ఎత్తేవాళ్ళు ఊపిరి బిగబడితే కంటిలో ఒత్తిడి కాసేపు పెరుగుతుంది. శీర్షాసనం లాంటి తలకిందుల ఆసనాల్లోనూ అంతే. వీటిని ఎప్పుడు మొదలుపెట్టాలో పేరు పెట్టి విడిగా అడగండి. మొదలుపెట్టినా తేలిక బరువులతో, ఊపిరి వదులుతూ ఎత్తండి.

నీళ్ళ దగ్గర మన ఇళ్ళల్లో పట్టుదల ఎక్కువ. కార్తీక మాసం వస్తే మహేంద్రతనయలో మునగకుండా ఉండలేం, బరంపురం వాళ్ళకి గోపాలపూర్ సముద్రం ఉంది. ఈతకు, మునకకు ఎనిమిది వారాల దాకా ఆగమని చెప్పే డాక్టర్లున్నారు. నది, చెరువు, కొలను ఏదైనా సరే, ఆ నీళ్ళలో ఉండే సూక్ష్మజీవులు ఇంకా మానని కార్నియాకి పట్టుకుంటే వదిలించడం చాలా కష్టం. ఇంట్లో పెద్దవాళ్ళకి ముందే చెప్పి పెట్టండి, "తలమీద నాలుగు చెంబులు పోసుకుంటే ఏమవుతుందిరా" అని వాళ్ళు బలవంతం చేయకుండా.

ఇంకో ముఖ్యమైన మాట. కబడ్డీ, కుస్తీ, బాక్సింగ్ ఆడేవాళ్ళకి లాసిక్ ఒక్కటే దారి కాదు. పీఆర్‌కే అనే పద్ధతిలో ఫ్లాప్ ఉండదు. పైచర్మం తీసి లేసర్ చేసి, అది మళ్ళీ పెరిగే నాలుగైదు రోజులు బ్యాండేజ్ లెన్స్ వేస్తారు. నొప్పి ఎక్కువ, చూపు తేరుకోవడం ఆలస్యం, ఎండకు చలువ కళ్ళద్దాలు తప్పనిసరి. అయినా తర్వాత జరగడానికి ఫ్లాప్ అంటూ ఉండదు. స్మైల్ పద్ధతిలో రెండు నుంచి నాలుగు మిల్లీమీటర్ల చిన్న గాటే పెడతారు, అందులోనూ ఫ్లాప్ లేదు. ఏది ఎవరికి సరిపోతుందో డాక్టరే చెప్పాలి. కానీ తమ్ముడు కబడ్డీ ఆటగాడని తెలిసి ఉంటే వీటి ప్రస్తావన అయినా వచ్చేది. మీరు ఏ ఆట ఆడతారో కేస్ షీట్ మీద రాయించండి.

ఉద్యోగాల కోసం గ్రౌండ్ ప్రాక్టీస్ చేసే పిల్లలు ఇంకో సంగతి గుర్తుంచుకోండి. రైల్వే అసిస్టెంట్ లోకో పైలట్ లాంటి ఎ-1 మెడికల్ (కంటిచూపు రూల్స్ బాగా కఠినంగా ఉండే తరగతి) పోస్టులకు లాసిక్ చేయించుకున్నవాళ్ళు అనర్హులు. యూనిఫాం ఉద్యోగాలకు ఒక్కోచోట ఒక్కో రూలు ఉంటుంది. ముందు నోటిఫికేషన్‌లో మెడికల్ భాగం చదివి, ఆ తర్వాతే కంటి సెంటర్ గడప తొక్కండి.

డబ్బు కట్టేముందు ఇవి సర్జన్ చేత రాయించుకోండి: చేసేది ఏ పద్ధతి, నా ఆటకి నేను ఎన్ని వారాలు ఆగాలి, ఫ్లాప్ కదిలితే సరిచేయడం ప్యాకేజీలో ఉందా, రాత్రిపూట ఫోన్ ఎత్తేది డాక్టరా, కౌన్సెలరా. మీరు చదవగలిగే భాషలోనే రాయమనండి, తెలుగైనా ఒడియా అయినా. చూపు బాగుంది కదా అని వారం చెకప్, నెల చెకప్ ఎగ్గొట్టకండి. స్టెరాయిడ్ చుక్కలు కొందరికి కంటి ఒత్తిడి పెంచుతాయి, అది పరీక్ష చేస్తే తప్ప తెలియదు.

హఠాత్తుగా నొప్పి, ఎరుపు, నీళ్ళు కారడం, చూపు మసకబారడం, వెలుతురు భరించలేకపోవడం కనిపిస్తే ఫోన్‌లో ఎవరేం చెప్పినా ఆ రోజే కంటి డాక్టర్‌కి చూపించండి. ఫ్లాప్ మడత ఎంత తొందరగా విప్పితే అంత మంచిది. విశాఖ దాకా వెళ్ళలేకపోతే బరంపురం ఎం.కె.సి.జి. మెడికల్ కాలేజీలో కంటి విభాగం ఉంది.

ఇప్పటికే ఇలా నష్టపోయినవాళ్ళు ఉంటే, వైద్య సేవ కూడా వినియోగదారుల చట్టం కిందికి వస్తుందని 1995లోనే సుప్రీంకోర్టు చెప్పింది. 2019 చట్టం ప్రకారం సెంటర్ వేరే రాష్ట్రంలో ఉన్నా మీరు ఉండే జిల్లా వినియోగదారుల కమిషన్‌లోనే కేసు వేయొచ్చు, గడువు రెండేళ్ళు. కట్టిన మొత్తం 5 లక్షల లోపైతే ఫీజు లేదు. ముందు జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేసి సలహా అడగొచ్చు. కేస్ షీట్ కాపీ కావాలని రాతపూర్వకంగా అడిగి, అడిగిన కాగితం మీద తేదీతో స్టాంపు వేయించుకోండి. మేమూ అదే చేశాం. సర్జన్‌ని అడగాల్సిన ప్రశ్నలు తెలుగులోనూ ఒడియాలోనూ ఒక కాగితం మీద రాసి పెట్టాను, కావాలన్నవాళ్ళకి పంపుతాను.