పెయింట్ రోలర్లు: ఏ గోడకి ఏది, వాడి చూశాక నా అభిప్రాయం

రంగు సెలెక్ట్ చేసుకోడానికి వారాలు పడుతుంది కానీ రోలర్ మాత్రం చేతికి ఏది దొరికితే అది తెచ్చేసుకుంటారు చాలామంది, నాకైతే అది అస్సలు నచ్చదు, ఎంత మంచి పెయింట్ కొన్నా గోడ మీద ఎలా పడుతుందనేది రోలర్ చేతిలోనే ఉంటుంది. ముఖ్యంగా చూడాల్సింది నూగు, అంటే రోలర్ మీదుండే పోగుల పొడవు, బ్రాండ్ సంగతి ఆ తర్వాతే.

ఒక్కటే కొంటాను అంటే 10 ఎంఎం నూగున్న మైక్రోఫైబర్ రోలర్, 9 ఇంచులది తీసుకోండి. పుట్టీ పెట్టి సాండింగ్ చేసిన గోడల మీద ఎమల్షన్‌కి (నీళ్ళు కలిపి వేసే గోడ పెయింట్) దీన్ని మించింది నాకు కనపడలేదు, పెయింట్ బాగా పీలుస్తుంది, సమంగా వదుల్తుంది, మన మీద పెద్దగా చిమ్మదు. సీలింగ్‌కి 12 ఎంఎం బెటర్, పెయింట్ ఎక్కువ పట్టుకుంటుంది కాబట్టి మాటిమాటికీ ట్రేలో ముంచక్కర్లేదు, కాకపోతే హ్యాండిల్‌కి పొడుగు కర్ర బిగించుకునే మరలు ఉన్నాయో లేదో చూసుకోండి.

గరుకు గోడలు, ఇటుక గోడలు అయితే 18 నుంచి 20 ఎంఎం కావాల్సిందే. పొట్టి నూగు గుంటల్లోకి దిగదు, రంగు పడని చిన్న చిన్న చుక్కలు అలాగే మిగిలిపోతాయి, అవి కవర్ చేద్దామని గట్టిగా నొక్కుతాం, నొక్కితే రోలర్ అంచుల్లోంచి పెయింట్ కారి చారలు పడతాయి, ఇంక వాటిని సరిచేయడం పెద్ద పని. అలాగని ఆ పొడుగు నూగుది నున్నటి గోడ మీద వాడితే కమలాపండు తొక్కలాగా బొడిపెలు బొడిపెలుగా వస్తుంది.

ఫోమ్ రోలర్ గోడలకి వద్దే వద్దు. తలుపులు, అల్మారాలకి ఎనామిల్ (మెరిసే ఆయిల్ పెయింట్) వేసేటప్పుడు 4 ఇంచులది బాగుంటుంది, కానీ స్పీడుగా తిప్పితే బుడగలొస్తాయి, చవక ఫోమ్ అయితే థిన్నర్ తగిలి ఉబ్బిపోతుంది కూడా. నాకు మాత్రం తలుపులకి కూడా 5 ఎంఎం మైక్రోఫైబర్ మినీ రోలరే ఇష్టం, కాస్త ఓపిగ్గా లాగితే ఫినిషింగ్ చాలా నీట్‌గా వస్తుంది.

ఉన్ని రోలర్ ఆయిల్ పెయింట్‌కి సూపర్, నీళ్ళ పెయింట్‌లో మాత్రం ముద్దకట్టేస్తుంది.

కొనేముందు లోపలి గొట్టం చూడండి, అట్టది అయితే కడిగితే నానిపోతుంది, ప్లాస్టిక్‌దే తీసుకోండి. నూగు మీద వేలు తిప్పి చూడండి, అతుకు చేతికి తగిలిందంటే ఆ గీత గోడ మీద కూడా పడుతుంది. కొత్తది వాడేముందు మాస్కింగ్ టేప్ చుట్టి లాగేస్తే ఊడే పోగులన్నీ ముందే వచ్చేస్తాయి, లేదంటే అవి తడి గోడకి అంటుకుని ఎండాక ఏరుకోవాలి. ఎమల్షన్ వాడితే పనయిన వెంటనే కడిగేసి నిలువుగా ఆరబెట్టండి, పడుకోబెట్టి ఆరబెడితే నూగు ఒకవైపు అణిగిపోతుంది.