ప్రెసిడెంట్ సొంతంగా యుద్ధం మొదలుపెట్టొచ్చా? కాన్‌స్టిట్యూషన్ అనోటేటెడ్, కాంగ్రెస్ డాట్ గవ్ సైట్ల రివ్యూ

ఎక్కడో బాంబులు పడ్డాయన్న వార్త రాగానే అమెరికాలో ఉన్న మనవాళ్ల వాట్సాప్ గ్రూపుల్లో ఒక వాదన మొదలవుతుంది, ప్రెసిడెంట్‌కి ఆ పవర్ ఉందా లేదా అని. ఒకళ్ళు సైన్యానికి పెద్ద ఆయనే కదా ఏమైనా చేస్తాడు అంటారు, ఇంకొకళ్ళు కాంగ్రెస్, అంటే అమెరికా పార్లమెంట్, ఒప్పుకోకుండా ఒక్క మిసైల్ కూడా వేయకూడదు అంటారు, రెండు వైపులా యూట్యూబ్ వీడియోలే రుజువులు. నిజానికి రెండూ పూర్తిగా కరెక్ట్ కాదు, కరెక్ట్ ఏంటో తెలుసుకోడానికి పైసా ఖర్చు లేని చోటు ఉంది, అదే కాన్‌స్టిట్యూషన్ అనోటేటెడ్ అనే సైట్, దాని పక్కనే కాంగ్రెస్ డాట్ గవ్. ఈ రెండింటినీ కలిపి ఒకే సర్వీస్‌లా రివ్యూ చేస్తున్నా, ఎందుకంటే మొదటిదాంట్లో రూల్ ఏంటో తెలుస్తుంది, రెండోదాంట్లో ఆ రూల్‌ని ఎవరు నిలబెట్టారో ఎవరు వదిలేశారో తెలుస్తుంది.

ముందు ఇది ఎవరిదో చెప్తా. లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో కాంగ్రెషనల్ రీసెర్చ్ సర్వీస్ అని ఒక విభాగం ఉంది, అక్కడి లాయర్లు రాజ్యాంగంలో ప్రతి క్లాజ్ కింద కోర్టులు ఏమన్నాయో రాస్తూ ఉంటారు. 1913 నుంచి పెద్ద పుస్తకంగా వచ్చేది, 2019 సెప్టెంబర్‌లో సైట్‌గా పెట్టారు. యాడ్స్ లేవు, లాగిన్ అక్కర్లేదు, ఏ పార్టీ వాసనా లేదు. రిపబ్లికన్ ప్రెసిడెంట్ గురించి ఎలా రాశారో డెమొక్రాట్ గురించి కూడా అలానే రాశారు, ఈ రోజుల్లో అది చాలా పెద్ద విషయం అని నా అభిప్రాయం.

ఓపెన్ చేసి ఆర్టికల్ 1, సెక్షన్ 8, క్లాజ్ 11 దగ్గరికి వెళ్లండి. యుద్ధం ప్రకటించే అధికారం కాంగ్రెస్‌ది అని అక్కడ సూటిగా ఉంటుంది. పక్కనే క్లాజ్ 12 కూడా చదవండి, దీన్ని చాలామంది దాటేస్తారు, ఆర్మీకి డబ్బు ఒకేసారి 2 సంవత్సరాలకి మించి కేటాయించకూడదు అంటుంది, అంటే ప్రెసిడెంట్ ఎంత పెద్ద సైన్యం నడిపినా మళ్ళీ మళ్ళీ డబ్బుల కోసం కాంగ్రెస్ గుమ్మం ఎక్కాల్సిందే. తర్వాత ఆర్టికల్ 2, సెక్షన్ 2, అక్కడ ప్రెసిడెంట్ కమాండర్ ఇన్ చీఫ్ అని ఉంటుంది. సిటిజన్‌షిప్ ఇంటర్వ్యూకి పాత 100 ప్రశ్నల లిస్టు బట్టీ పట్టినవాళ్ళకి ఈ రెండూ తెలుసు, ఫెడరల్ గవర్నమెంట్‌కి ఉన్న ఒక పవర్ చెప్పమంటే యుద్ధం ప్రకటించడం అని చెప్పొచ్చు, కమాండర్ ఇన్ చీఫ్ ఎవరంటే ప్రెసిడెంట్. కానీ ఆ రెండు జవాబులూ ఒకదాన్నొకటి ఎక్కడ ఢీకొంటాయో ఆ లిస్టు చెప్పదు, ఈ సైట్ చెప్తుంది.

నాకు ఇందులో బాగా నచ్చింది పాత కేసుల దగ్గర పెట్టిన శ్రద్ధ. 1804 నాటి లిటిల్ వర్సెస్ బారీమ్ అనే కేసు ఉంది, ఒక్కసారి చదివితే మర్చిపోరు. అప్పట్లో ఫ్రాన్స్‌తో గొడవ నడుస్తోంది, ఫ్రెంచ్ రేవులకి వెళ్తున్న అమెరికన్ ఓడల్ని పట్టుకోవచ్చు అని కాంగ్రెస్ చట్టం చేసింది. ప్రెసిడెంట్ జాన్ ఆడమ్స్ ప్రభుత్వం నేవీకి ఇచ్చిన ఆర్డర్‌లో మాత్రం వెళ్తున్నవే కాదు అక్కడి నుంచి వస్తున్నవి కూడా పట్టుకోండి అని ఉంది. కెప్టెన్ జార్జ్ లిటిల్ ఆ ఆర్డర్ ప్రకారమే ఫ్లయింగ్ ఫిష్ అనే ఓడని పట్టుకున్నాడు, అది ఫ్రెంచ్ రేవు నుంచి బయటికి వస్తోంది, పైగా అది డేనిష్ వాళ్లది అని తర్వాత తేలింది. కేసు సుప్రీంకోర్టుకి వెళ్తే చీఫ్ జస్టిస్ జాన్ మార్షల్ ఏమన్నాడంటే, కాంగ్రెస్ ఎంతవరకు పర్మిషన్ ఇచ్చిందో చట్టంలో గీత గీసింది, ప్రెసిడెంట్ ఆర్డర్ ఆ గీత దాటింది, కాబట్టి పైనుంచి ఆర్డర్ వచ్చింది అన్న మాట కెప్టెన్‌ని కాపాడదు, నష్టపరిహారం ఆయనే కట్టాలి అన్నాడు. సుప్రీం కమాండర్ ఆర్డర్ కన్నా పార్లమెంట్ చట్టం పైన అని, దేశం పుట్టి కొన్ని పదుల ఏళ్ళకే తేల్చేశారన్నమాట. ఇది చదివాక "ఆయన కమాండర్ ఇన్ చీఫ్ కదా" అనే వాదన అంత తేలిగ్గా నోట్లోంచి రాదు.

అలాగని ఆ సైట్ ఒక వైపే చెప్పదు. 1863 ప్రైజ్ కేసులు కూడా ఉంటాయి, సివిల్ వార్ మొదలైనప్పుడు లింకన్ కాంగ్రెస్ కోసం ఆగకుండా దక్షిణ రేవుల్ని దిగ్బంధం చేస్తే కోర్టు 5-4తో ఒప్పుకుంది, దేశం మీదకి యుద్ధం వచ్చి పడినప్పుడు ప్రెసిడెంట్ చేతులు కట్టుకుని కూర్చోవాల్సిన పని లేదని. 1952లో కొరియా యుద్ధం టైంలో ప్రెసిడెంట్ ట్రూమన్ స్టీలు మిల్లుల్ని స్వాధీనం చేసుకుంటే మాత్రం 6-3తో కొట్టేసింది. ఆ తీర్పులో జస్టిస్ జాక్సన్ చెప్పిన మూడు మెట్ల లెక్క ఇప్పటికీ లాయర్లు వాడతారు. కాంగ్రెస్ ఒప్పుకున్నప్పుడు ప్రెసిడెంట్ పవర్ పైమెట్టు మీద ఉంటుంది, కాంగ్రెస్ ఏమీ అనకపోతే మధ్యలో, కాంగ్రెస్ వద్దన్నాక కూడా చేస్తే అట్టడుగున. కొరియా యుద్ధానికే కాంగ్రెస్ యుద్ధ ప్రకటన లేదన్న సంగతి గుర్తుపెట్టుకోండి, అసలు కాంగ్రెస్ చివరిసారి యుద్ధం ప్రకటించింది 1942 జూన్‌లో, ఆ తర్వాత అమెరికా చేసిన ఏ యుద్ధానికీ ప్రకటన లేదు.

ఇక రెండో సైట్, కాంగ్రెస్ డాట్ గవ్. అసలు విషయం ఇక్కడుంది. వియత్నాం యుద్ధం, కాంబోడియా మీద రహస్యంగా వేసిన బాంబులు, వీటన్నిటికీ విసిగిపోయి 1973లో కాంగ్రెస్ వార్ పవర్స్ రిజల్యూషన్ తెచ్చింది, ప్రెసిడెంట్ నిక్సన్ వీటో చేస్తే, అంటే తిరస్కరిస్తే, నవంబర్ 7న సెనేట్, హౌస్ అనే రెండు సభలూ మూడింట రెండొంతుల మెజారిటీతో ఆ వీటోని దాటాయి. ఎక్కడికైనా సైన్యాన్ని పోరులోకి దింపితే 48 గంటల్లో కాంగ్రెస్‌కి రిపోర్ట్ ఇవ్వాలి, 60 రోజుల్లో కాంగ్రెస్ పర్మిషన్ రాకపోతే ఆపేయాలి, బలగాల్ని క్షేమంగా వెనక్కి తేడానికి ఇంకో 30 రోజులు. చాలామంది దీన్ని తిప్పి 60 రోజులు ప్రెసిడెంట్ ఇష్టం అని చెప్తారు. ఆ చట్టం సెక్షన్ 2 చదవండి, మూడు సందర్భాల్లోనే పోరులోకి దిగొచ్చు అని ఉంటుంది, యుద్ధ ప్రకటన ఉంటే, చట్టం ద్వారా పర్మిషన్ ఉంటే, లేదా అమెరికా మీదో దాని సైన్యం మీదో దాడి జరిగితే. ప్రెసిడెంట్లు ఈ సెక్షన్ మమ్మల్ని కట్టేయదు అంటూ వస్తున్నారు, అది వేరే విషయం.

మరి ఇంత గట్టి చట్టం ఉండి ఎందుకు ఆగట్లేదు అంటారా. ఆ జవాబు ఈ సైట్లో ఓట్లు చూస్తేనే తెలుస్తుంది. 1999లో కొసావో కోసం యుగోస్లావియా మీద బాంబులు వేస్తున్నప్పుడు ఒకే రోజు హౌస్‌లో యుద్ధం ప్రకటించడానికి ఒప్పుకోలేదు, బలగాల్ని వెనక్కి పిలవడానికీ ఒప్పుకోలేదు, వైమానిక దాడులకి పర్మిషన్ ఇచ్చే తీర్మానం 213-213తో పడిపోయింది, తర్వాత డబ్బు మాత్రం ఇచ్చేశారు! దాడులు 78 రోజులు నడిచాయి. కొంతమంది సభ్యులు కోర్టుకి వెళ్తే మీకు కేసు వేసే అర్హత లేదని కొట్టేశారు. 2011లో లిబియా కూడా అంతే, 60 రోజులు మే 20తో దాటాయి, అక్కడ అమెరికా సైనికులు నేల మీద లేరు, ఎదురుకాల్పులు లేవు, కాబట్టి చట్టం చెప్పే పోరు కిందికే రాదు అని ఒబామా ప్రభుత్వం వాదించింది. విమానాల నుంచి మిసైళ్ళు వేస్తూ ఆ మాట అనడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు. జూన్ 24న హౌస్ పర్మిషన్ తీర్మానాన్ని 123-295తో తిరస్కరించింది, అదే రోజు డబ్బు తగ్గించే బిల్లుని కూడా 180-238తో తిరస్కరించింది. వద్దు అన్నారు, కానీ ఆపడానికీ ఒప్పుకోలేదు. అక్కడ ఫెయిలైంది ప్రెసిడెంట్ ఒక్కడే కాదు కదా.

ఇంకో మలుపు 1983లో సుప్రీంకోర్టు ఇచ్చిన చాధా తీర్పు. అది ఇమిగ్రేషన్ కేసు, కానీ ప్రెసిడెంట్ సంతకం లేకుండా కాంగ్రెస్ తన తీర్మానంతోనే ప్రభుత్వాన్ని ఆపే పద్ధతి రాజ్యాంగ విరుద్ధం అని తేల్చింది. దాంతో యుద్ధం ఆపమనే తీర్మానం కూడా ప్రెసిడెంట్ దగ్గరికే వెళ్లాలి, ఆయన వీటో చేస్తే మూడింట రెండొంతులు కావాలి. ఏ మనిషిని ఆపాలో ఆ మనిషి సంతకమే అడగాల్సి వస్తోంది. 2019లో యెమెన్ యుద్ధంలో అమెరికా పాత్ర ఆపమనే తీర్మానం విషయంలో సరిగ్గా ఇదే జరిగింది, ఎస్ జె రెస్ 7 అనే దాని నంబర్‌తో వెతకండి, సెనేట్‌లో 54-46, హౌస్‌లో 247-175, ట్రంప్ వీటో, తర్వాత సెనేట్‌లో 53-45, సరిపోలేదు. 2020లో ఇరాన్ తీర్మానం కూడా రెండు సభలూ దాటి వీటో దగ్గర ఆగింది. 2025 జూన్‌లో ఇరాన్ అణు కేంద్రాల మీద దాడుల తర్వాత పెట్టిన తీర్మానం సెనేట్‌లోనే 47-53తో పోయింది.

ఈ సైట్లో ప్రతి బిల్లు పేజీలో యాక్షన్స్ అనే ట్యాబ్ ఉంటుంది, నాకైతే మొత్తం సర్వీస్‌లో అదే ప్రాణం. ఏ రోజు ఏం జరిగిందో వరసగా, ఓటింగ్ జరిగిన చోట లింక్ నొక్కితే ఏ సభ్యుడు అవునన్నాడో ఏ సభ్యుడు కాదన్నాడో పేర్లతో సహా. 2001 సెప్టెంబర్ దాడుల తర్వాత ఇచ్చిన పర్మిషన్ చూడండి, సెనేట్‌లో 98-0, హౌస్‌లో 420-1, ఆ ఒక్క వ్యతిరేక ఓటు హౌస్ సభ్యురాలు బార్బరా లీది. అసలు అనుమతి ఇచ్చే భాగం 60 పదాలు, ఆ 60 పదాల మీదే నలుగురు ప్రెసిడెంట్లు ఎన్నో దేశాల్లో దాడులు నడిపారు. ఎన్నికలప్పుడు శాంతి గురించి మాట్లాడే మీ ఏరియా సభ్యుడు ఇలాంటి ఓటు వచ్చినప్పుడు ఏం చేశాడో తెలుసుకోడానికి ఇంతకన్నా నమ్మకమైన దారి లేదు.

లోటుపాట్లు కూడా చెప్పాలి. భాష మొదటిది, అంతా లాయర్ ఇంగ్లిష్, ఫుట్‌నోట్లు బోలెడు, ఫోన్‌లో చదవడం కష్టం, ల్యాప్‌టాప్‌లో చూస్తేనే బెటర్. పాత ఓట్లకి సభ్యుల పేర్లతో లింకులు దాదాపు 1990 నుంచే దొరుకుతాయి, 1973 వీటో ఓటు ఎవరెవరు ఎలా వేశారో చూడాలంటే పాత రికార్డులు తవ్వాలి. అన్నిటికన్నా పెద్ద లోటు, ప్రెసిడెంట్ తరఫు వాదన ఇక్కడ పూర్తిగా దొరకదు. దేశ ప్రయోజనం ఉండి, దాడి చిన్నదీ తక్కువ రోజులదీ అయితే కాంగ్రెస్ పర్మిషన్ అక్కర్లేదు అని జస్టిస్ డిపార్ట్‌మెంట్‌లో లీగల్ కౌన్సెల్ ఆఫీస్ రాసే అభిప్రాయాలు వేరే సైట్లో ఉంటాయి, వాటిల్లో అన్నీ బయటపెట్టరు కూడా. జనాల పేరు మీద జరిగే దాడికి చట్టపరమైన కారణం జనాలకి చూపించకపోవడం చాలా తప్పు, ఇది ఏ పార్టీ వాళ్ళు చేసినా తప్పే.

ఇండియాలో ఉన్నవాళ్లకి ఒక మాట, ఇక్కడ చదివింది తీసుకెళ్ళి ఢిల్లీకి అంటించకండి. మన రాజ్యాంగంలో ఆర్టికల్ 53 ప్రకారం రక్షణ దళాల సుప్రీం కమాండ్ రాష్ట్రపతిది, 74 ప్రకారం ఆయన కేబినెట్ సలహా మీదే నడవాలి, సైన్యాన్ని పంపే ముందు పార్లమెంట్ ఓటు కావాలని ఎక్కడా లేదు. 352 కింద ఎమర్జెన్సీ పెడితే మాత్రం నెలలోపు పార్లమెంట్ ఒప్పుకోవాలి. దీని మీద మన దగ్గర కూడా గట్టి చర్చ జరగాలి అని నా కోరిక.

రేటింగ్ 5కి 4. హైస్కూల్లో గవర్నమెంట్ సబ్జెక్ట్ చదివే పిల్లలున్న ఇంట్లో, కొత్తగా ఓటు హక్కు వచ్చినవాళ్ళకి, కళ్ళు మూసుకుని రికమెండ్ చేస్తా. మొదటిసారి వెళ్ళేవాళ్ళు సెర్చ్ దగ్గర ఏ కాంగ్రెస్ (రెండేళ్ళకో నంబర్ ఉంటుంది) అన్నది మార్చడం మర్చిపోవద్దు, 1973 చట్టం కావాలంటే 93వ కాంగ్రెస్ ఎంచుకుని హెచ్ జె రెస్ 542 కొట్టాలి. ఫ్రీ అకౌంట్ పెట్టుకుంటే నడుస్తున్న ఏ వార్ పవర్స్ తీర్మానానికైనా అలర్ట్ పెట్టుకోవచ్చు, అది కదిలినప్పుడల్లా మెయిల్ వస్తుంది, ఓటు పడక ముందే మీ సభ్యుడి ఆఫీసుకి ఫోన్ చేయడానికి టైం ఉంటుంది.