పట్టికే మళ్లీ పట్టిక చూడమంటే

బల్ల చుట్టూ కూర్చుని తలో పాత్రగా ఆడే ఆట డంజన్స్ అండ్ డ్రాగన్స్. దాని 2014 నియమాల పుస్తకం ప్లేయర్స్ హ్యాండ్‌బుక్ కొన్నదే సోర్సరర్ల (మాంత్రిక పాత్రల) వైల్డ్ మ్యాజిక్, అంటే అదుపు తప్పే మంత్రశక్తి, కోసం. మంత్రం వేశాక డీఎం (ఆట నడిపే వ్యక్తి) అడిగితే ఇరవై ముఖాల పాచిక వెయ్యాలి. ఒకటి పడిందా, 100 దాకా అంకెలున్న పట్టిక తెరవాలి. అందులో మొదటి వరుసే తమాషా: నిమిషం పాటు, అంటే పది రౌండ్లు, నీ వంతు వచ్చినప్పుడల్లా మళ్లీ ఇదే పట్టిక చూడమంటుంది! నాకు సరిగ్గా అదే పడింది. రెండో వంతులో 07. ఫైర్‌బాల్, అంటే అగ్నిగోళం, నా నెత్తి మీదే. దెబ్బ ఎంతో తేల్చడానికి ఎనిమిది పాచికలు గలగలమన్నాయి. నా హిట్ పాయింట్లేమో (ప్రాణబలం) మొత్తం ఎనిమిది. పక్కనున్న తమ్ముడి క్లెరిక్ (పూజారి పాత్ర) కూడా బూడిదే. "అన్నయ్యా, ఇకపై నువ్వు గుహ బయటే ఉండు" అన్నాడు.

లోటు ఒక్కటే, పాచిక వేయించడం డీఎం ఇష్టం. మా డీఎం బావ, అసలే మొహమాటస్తుడు, అడగడమే మర్చిపోతాడు. ఐదుకి నాలుగు స్టార్లు.