క్యాంపర్ వ్యానుకి నేను వేసిన తాళాలు: అయిదేళ్ల వాడకం తర్వాత

2023లో పైడితల్లమ్మ జాతరకి, సిరిమానోత్సవం ముందు రోజైన తొలేళ్ల రాత్రి, విజయనగరంలో మా వ్యాను ఎత్తుకుపోదామని ఎవరో గట్టిగానే ప్రయత్నించారు. తలుపు తీశారు, లోపల కూర్చున్నారు, వైర్లు కలిపారు. బండి కదల్లేదు. ఆరు వేలు పెట్టి కొన్న జీపీఎస్ ట్రాకర్ లోపలే ఉంది, కానీ ఆ రాత్రి బండిని కాపాడింది బ్యాటరీ కరెంటుని తెంపేసే 450 రూపాయల కటాఫ్ స్విచ్. మా శ్రీకాకుళం, విజయనగరం వైపు ఈమధ్య కొంతమంది వ్యాన్లలో మంచం, పొయ్యి బిగించుకుని కుటుంబాలతో తిరుగుతున్నారు. ఇన్నేళ్లలో నేను కొన్నవాటిలో ఏది పనికొచ్చిందో, ఏది దండగో వాళ్లకి తెలియాలని రాస్తున్నాను.

మాది 2018 మోడల్ డీజిల్ వ్యాను. 2020 జనవరిలో సెకండ్ హ్యాండ్‌లో తీసుకున్నాం. వెనక సీట్లు తీయించి మంచం, అలమరా చేయించాం. పైన సోలార్ ప్యానెల్, లోపల ఫ్యాన్లకీ లైట్లకీ 100 ఏహెచ్ బ్యాటరీ విడిగా ఉంది. కళింగపట్నం, బారువ, భావనపాడు, తాటిపూడి, ఎస్.కోట మీదుగా అరకు, అన్నీ దీంట్లోనే తిరిగాం. పిల్లలకి ఇది బండి కాదు, రెండో ఇల్లు. అందుకే దీని మీద నాకు అంత బెంగ.

కొన్నప్పుడు చేసిన మొదటి తప్పు తాళంచెవి దగ్గరే. అమ్మినాయన ఒకటే ఇచ్చాడు, రెండోది ఎక్కడో పోయిందన్నాడు. నిజంగా పోయిందో, ఎవరి దగ్గరైనా ఉందో మనకెలా తెలుస్తుంది? నేను దాన్ని దాదాపు రెండేళ్లు పట్టించుకోలేదు. తర్వాత తాళం సెట్టు మొత్తం మార్పించాను, ఆ బిల్లు జాగ్రత్తగా దాచాను. సెకండ్ హ్యాండ్ బండి కొన్నవాళ్లు ఈ పని మొదటి నెలలోనే చేయించండి. మిగతా తాళాలన్నీ దీని తర్వాతే.

2021 డిసెంబర్‌లో మాకు మొదటి దెబ్బ తగిలింది. పది రోజులు ఊళ్లో ఉండమని డబ్బులు కట్టి ఒక షెడ్డులో వ్యాను పెట్టాం. గేటు ఉంది, వాచ్‌మన్ ఉన్నాడు. తిరిగొచ్చి చూస్తే లోపలి బ్యాటరీ లేదు, చాసిస్ కింద వేలాడే స్టెప్నీ కూడా లేదు. గొలుసు మాత్రం చక్కగా చుట్టి పక్కన పెట్టి ఉంది. షెడ్డు ఆయన రసీదు వెనక అచ్చేసిన లైను చూపించాడు, వస్తువులకి బాధ్యత మాది కాదని. బ్యాటరీ, టైరు, రిమ్ము కలిపి ఇరవై వేల పైన పోయింది. అప్పటిదాకా నేను బండి మొత్తం పోతుందేమో అనే భయపడ్డాను. విప్పుకుపోవడానికి వీలైనవి అంతకంటే ముందు పోతాయని ఆ రోజు తెలిసింది. ఇప్పుడు బ్యాటరీ చుట్టూ ఇనప పట్టీ వేయించి, నట్లు పై నుంచి విప్పడానికి లేకుండా తలకిందులుగా బిగించాం. స్టెప్నీకి గొలుసు బదులు చాసిస్‌కి వెల్డింగ్ చేసిన కొక్కెం, దానికో తాళంకప్ప. తాళంకప్ప మీద పాత సైకిల్ ట్యూబు ముక్క తొడిగాం. మట్టి, నీళ్లు లోపలికి పోవు, కోయడానికి సందు కూడా కనిపించదు.

ఇక ట్రాకర్. 2020లో షాపు కుర్రాడే వచ్చి స్టీరింగ్ కింద, ఫ్యూజ్ బాక్సు పక్కన బిగించి వెళ్లాడు. ఎవరైనా మొదట చెయ్యి పెట్టి వెతికేది అక్కడే. ఏడాది తర్వాత దాన్ని తీయించి, వెనక చెక్క పని లోపల, ఇనుము అడ్డం లేని చోట పెట్టించాను. ఇనప పెట్టెలో పెడితే సిగ్నల్ అందదు, చెక్కా ప్లాస్టిక్కూ ఫర్వాలేదు. మెకానిక్‌లు స్కానర్ తగిలించే ఓబీడీ సాకెట్‌లో గుచ్చే రకం అయితే కొనొద్దనే చెప్తాను. లాగితే ఊడొచ్చేస్తుంది.

మామూలు రోజుల్లో ట్రాకర్ బాగానే పనిచేసింది. మ్యాపులో బండి ఎక్కడుందో పది ఇరవై మీటర్ల తేడాతో చూపిస్తుంది. కానీ అది మొబైల్ సిగ్నల్ మీద బతికే వస్తువు. 2021 సెప్టెంబర్ 26న గులాబ్ తుఫాను కళింగపట్నానికి ఉత్తరంగా తీరం దాటినప్పుడు మా వైపు కరెంటు పోయింది, టవర్లు ఆగిపోయాయి. రెండు రోజులు ఫోన్‌లో 'ఆఫ్‌లైన్' అన్న మాట తప్ప ఏమీ లేదు. అనంతగిరి ఘాట్‌లో కూడా మధ్యమధ్యలో ఇంతే. సిగ్నల్ వచ్చాక దాచుకున్న లొకేషన్లన్నీ ఒకేసారి పంపుతుంది. దొంగతనం జరుగుతున్న గంటలో ఆ ఆలస్యం చాలా ఎక్కువ.

బండి కదిలినా అదిరినా అలర్ట్ వచ్చే సదుపాయం కూడా దాంట్లో ఉంది. 16వ నంబరు హైవే పక్కన ఆపితే, లారీ వెళ్లినప్పుడల్లా ఫోను మోగేది. రాత్రికి ముప్పై సార్లు మోగితే ఎవరు తట్టుకుంటారు? సైలెంట్‌లో పెట్టేశాను. తొలేళ్ల రాత్రి 2 గంటల 47 నిమిషాలకి వచ్చిన అలర్ట్ అందుకే నాకు వినిపించలేదు.

ఆ రోజు సోమవారం. మర్నాడు సిరిమానోత్సవం. మూడు లాంతర్ల జంక్షన్ వైపు ఇసక వేస్తే రాలని జనం. మా మావయ్యగారి వీధిలో వ్యాను పట్టదు, బండ్లు దారి మళ్లిస్తున్నారు. ఊరి చివర ఒక టీ బడ్డీ పక్కన ఖాళీ స్థలంలో ఆపి, పిల్లల్ని దింపుకుని నడిచి వెళ్లాం. తొందరలో స్టీరింగ్ రాడ్ వేయలేదు, మంచం కిందే ఉండిపోయింది. కటాఫ్ స్విచ్ మాత్రం తిప్పి, తాళంచెవి జేబులో వేసుకున్నాను. అది అలవాటైపోయింది కాబట్టి చెయ్యి దానంతట అదే చేసింది.

పొద్దున వెళ్లేసరికి డ్రైవరు తలుపు ఓరగా ఉంది. తాళం రంధ్రంలో ఏదో గట్టిది దూర్చి తిప్పినట్టు చుట్టూ రేకు వంగిపోయింది. స్టీరింగ్ కింద ప్లాస్టిక్ కవరు ఊడదీసి క్లచ్ పెడల్ మీద పడేశారు. ఎర్ర వైరు, నల్ల గీత ఉన్న పసుపు వైరు వేలెడంత మేర ఒలిచి, ఒకదానికొకటి మెలిపెట్టారు. రాగి తీగ కొత్తగా మెరుస్తోంది. అది చూడగానే నా కాళ్లల్లో వణుకు వచ్చింది. మా ఆవిడ తలుపు పట్టుకుని అలాగే నిలబడిపోయింది, ఒక్క మాట కూడా అనలేదు.

బడ్డీలో మామ్మ స్టవ్ వెలిగిస్తూ చెప్పింది: "రేతిరి ఇద్దరు కుర్రోళ్లు బండి తలుపు తీసినారు బాబూ. నీ కూడా వొచ్చినోళ్లే అనుకున్నాను. సానా సేపు తంటాలు పడ్డారు. సప్పుడు నేదు, ఏటీ నేదు. ఎల్లిపోనారు."

మామ్మకి నేనెవరో తెలియదు, బండి ఎవరిదో తెలియదు. ఆవిడ తప్పు ఏమీ లేదు. అప్పటి నుంచి రాత్రి ఎక్కడ బండి ఆపినా ముందు పక్కనున్న బడ్డీకో ఇంటికో వెళ్తాను. ఈ బండి నాది, మేము ఫలానా చోట ఉంటాం, మేము కాక ఎవరు తలుపు తీసినా ఈ నంబరుకి ఒక్క కాల్ చేయండి అని కాగితం ఇస్తాను. భావనపాడులో అయితే వల బాగుచేసుకునే పెద్దాయన కాగితం తీసుకుని, తనే రెండుసార్లు లేచి బండి చుట్టూ చూసొచ్చానని పొద్దున చెప్పాడు. ఏ అలారమూ ఇంత పని చేయదు.

ఇప్పుడు స్విచ్ సంగతి కొంచెం వివరంగా. మాది కామన్ రైల్ ఇంజిన్, అంటే డీజిల్ పంపడాన్ని కంప్యూటర్ చూసుకునే రకం. బ్యాటరీ కరెంటు అందకపోతే దాని కంప్యూటర్ మేలుకోదు, తోసినా స్టార్ట్ కాదు. స్విచ్‌ని బ్యాటరీ వైరు మధ్యలో పెడతారు. ఎర్రటి ప్లాస్టిక్ తాళంచెవి తిప్పి బయటికి తీసేస్తే సర్క్యూట్ తెగిపోతుంది. సాలూరులో లారీల కరెంటు పని చేసే మేస్త్రీ బిగించాడు. కూలితో కలిపి తొమ్మిది వందలు అయింది. ఆయన చెప్పిన జాగ్రత్తలు నాకు బాగా పనికొచ్చాయి. ఇంజిన్ నడుస్తుండగా ఎప్పుడూ స్విచ్ తిప్పొద్దు, ఆల్టర్నేటర్ పాడవుతుంది. ఇంజిన్ ఆపాక కూడా ఒక నిమిషం ఆగి తిప్పాలి. ట్రాకర్ వైర్లు రెండూ స్విచ్‌కి ముందు, నేరుగా బ్యాటరీ దగ్గర కలపాలి, మధ్యలో ఫ్యూజ్ ఉండాలి. లేదంటే స్విచ్ తీసిన కొన్ని గంటలకి ట్రాకర్ కూడా నిద్రపోతుంది. ఇంకోటి క్యాంపర్ వాళ్లు తప్పకుండా చూసుకోవాలి. ఇంజిన్ బ్యాటరీకీ లోపలి బ్యాటరీకీ మధ్య ఛార్జింగ్ లింకు ఉంటే, ఒకటి తెంపినా రెండోదాని కరెంటు దొడ్డిదారిన వచ్చేస్తుంది. మాకు ఆ లింకు ఉండేది. మేస్త్రీ చూసి తీయించాడు. లేకపోతే ఆ రాత్రి కథ వేరేగా ఉండేది.

దీంతో ఇబ్బందులూ ఉన్నాయి. ప్రతిసారీ గడియారం సున్నాకి వస్తుంది, స్టీరియో సెట్టింగులు పోతాయి. ఎర్ర తాళంచెవులు అన్నీ దాదాపు ఒకే రకం కాబట్టి, స్విచ్ ఎక్కడుందో తెలిసినవాడు ఏదో ఒకటి దూర్చి తిప్పేయగలడు. అందుకే బ్యాటరీ పక్కన పెట్టించొద్దు. నాది ఎక్కడుందో ఇక్కడ రాయను.

ఫోన్ నుంచి ఇంజిన్ ఆపేసే రిలే అనే చిన్న స్విచ్ కూడా ట్రాకర్‌తో ఇస్తారు. నేను కలపనివ్వలేదు. నడుస్తున్న బండి ఇంజిన్ ఒక్కసారిగా ఆగితే స్టీరింగ్ బిగుసుకుంటుంది, బ్రేకు గట్టిపడుతుంది. దాని ముందు ఎవరి పిల్లలు ఉంటారో మనకేం తెలుసు. నా వ్యాను పోయినా సరే, అది మాత్రం వద్దు.

స్టీరింగ్‌కీ క్లచ్ పెడల్‌కీ తగిలించే ఇనప రాడ్ 900 పెట్టి కొన్నాను. అయిదేళ్లుగా చెక్కుచెదరలేదు. అద్దంలోంచి చూసినవాడికి కనిపించడమే దాని గొప్ప. కొనండి.

చక్రానికి వేసే పసుపు రంగు వీల్ క్లాంప్ మాత్రం సముద్రం పక్కన తిరిగేవాళ్లకి వద్దు. కళింగపట్నంలో మూడు రాత్రులు ఉంచితే ఉప్పుగాలికి తాళం పట్టేసింది. నూనె పోశాను, ఇసక అంటుకుని ఇంకా బిగిసింది. చివరికి వెల్డింగ్ షాపు నుంచి గ్రైండర్ తెప్పించి కోయించాల్సి వచ్చింది. నాలుగు నిమిషాలు పట్టింది. మనకి నాలుగు నిమిషాలైతే దొంగకీ అంతే. చప్పుడు మాత్రం ఊరంతా వినిపిస్తుంది, అదొక్కటే దాని ఉపయోగం. ఇంటి దగ్గర నెలల తరబడి ఆపినప్పుడు వేస్తే చాలు.

అలమరాలకి, బయట సామాన్ల పెట్టెకి వేసే చిన్న తాళాల గురించి ఒక మాట. నాలుగు కొంటే ఒకే తాళంచెవి నాలుగింటినీ తెరిచింది! ఇది మన దగ్గరే కాదు. అమెరికాలో క్యాంపర్ల సామాను అరలకి ఏళ్ల తరబడి సీహెచ్ 751 అనే ఒకే నంబరు తాళంచెవి వాడారు, ఎవరిది ఎవరికైనా పడుతుంది. అక్కడ చాలామందివి కారు వెనక లాగే ట్రైలర్లు కాబట్టి వాళ్లు తగిలించే కొక్కేనికే తాళం వేస్తారు. ఇంజిన్ లేని బండిని ఏ పికప్ అయినా లాక్కుపోతుంది మరి. మనవి వ్యాన్లు కాబట్టి మన భయం ఇగ్నిషన్ దగ్గర. పెట్టె తాళాలు మాత్రం నేను వేరు వేరు నంబర్లవి చూసి మార్చాను.

ఫాస్టాగ్ కూడా కాపలా కాస్తుందని చాలామంది గుర్తించరు. మా మేనల్లుడు ఒకసారి చెప్పకుండా వ్యాను తీసుకెళ్తే, మడపాం టోల్ దగ్గర డబ్బులు కట్ అయినట్టు వాడు ఫోన్ చేసి చెప్పేలోపే నాకు మెసేజ్ వచ్చింది. అయితే స్టిక్కర్ పీకేసినా, ఆమదాలవలస, పాలకొండ మీదుగా లోపలి రోడ్లు పట్టినా ఇది పనిచేయదు. అందుకని మెసేజ్ వచ్చే నంబరు సరిగ్గా ఉందో లేదో చూసుకుని వదిలేయండి, దాని మీద ఆధారపడొద్దు.

ఇన్సూరెన్స్ గురించి మా ఏజెంటు కంటే నేనే ఎక్కువ చదివాను. థర్డ్ పార్టీ పాలసీ ఒక్కటే ఉంటే బండి పోయినా పైసా రాదు. సొంత డ్యామేజీ కూడా ఉన్న పాలసీ కావాలి. అది ఉన్నా వచ్చేది ఐడీవీ, అంటే పాలసీలో బండికి కట్టిన విలువ మాత్రమే. బండి నాలుగేళ్లు దాటి అయిదో ఏడులో ఉంటే లెక్క ప్రకారం 50 శాతం తరుగు తీసేస్తారు. మనం వేయించిన మంచం, ప్యానెల్, ఫ్రిజ్ పాలసీలో విడిగా రాయించకపోతే లెక్కలోకే రావు. మార్పులు ఆర్‌సీలో ఎక్కకపోతే క్లెయిమ్ దగ్గరే పేచీ మొదలవుతుంది. ఆర్‌టీవో ఆఫీసు చుట్టూ తిరిగిన మూడు రోజులు వృథా కాలేదని నాకు ఇప్పుడు ధైర్యంగా ఉంది. బండి పోతే కంపెనీ వాళ్లు ఎఫ్‌ఐఆర్‌తో పాటు రెండు తాళంచెవులూ అడుగుతారు. డూప్లికేట్ బండిలోనే పెట్టేవాళ్లు దయచేసి ఈ రోజే తీసి ఇంట్లో పెట్టండి. ఒరిజినల్ ఆర్‌సీ కూడా అంతే, రోడ్డు మీద చూపించడానికి డిజిలాకర్ చాలు. వాహనాల్ని పరీక్షించే ఏఆర్ఏఐ సంస్థ ఆమోదం ఉన్న యాంటీ థెఫ్ట్ పరికరానికి సొంత డ్యామేజీ ప్రీమియంలో 2.5 శాతం తగ్గుతుంది, అదీ 500 రూపాయలు మించదు. దాని కోసం ఖరీదైనది కొనక్కర్లేదు.

ట్రాకర్ తీసేయమని నేను చెప్పను. పోయాక వెతకడానికి అది కావాలి, 112కి ఫోన్ చేసినప్పుడు చెప్పడానికి ఒక చోటు ఉండాలి. నాది ఇప్పుడు 4జీ రకం, రెండోది. అదిరితే వచ్చే అలర్ట్ తీసేసి, రాత్రి పదకొండు నుంచి అయిదు మధ్య బండి రెండు వందల మీటర్లు కదిలితేనే మోగేలా పెట్టాను. ఏడాదిన్నరలో ఒక్కసారి కూడా ఉత్తినే లేపలేదు. ఆ మోత మాత్రం సైలెంట్‌లో ఉన్నా వినిపించేలా సెట్ చేశాను.

పోయిన నెల బారువ నుంచి వస్తుంటే కటాఫ్ స్విచ్ వేడెక్కి వాసన వచ్చింది. విప్పి చూస్తే లోపలి రాగి బిళ్లలు నల్లబడి గుంటలు పడ్డాయి. అయిదేళ్లు రోజూ తిప్పాక అంతమాత్రం అరుగుతుంది. అదే రకం మళ్లీ తెచ్చి బిగించాను. ఈసారి రెండు కొన్నాను, ఒకటి మా బావ వ్యానుకి.