హనుమకొండలో దొరికిన ఐర్లండ్ చరిత్ర

హనుమకొండ చౌరస్తా దగ్గరి పాత పుస్తకాల దుకాణంలో నేను కొన్న ఈ నాలుగు సంపుటాలు, జెఫ్రీ కీటింగ్ అనే ఐరిష్ మతగురువు 1634 ప్రాంతంలో ముగించిన ‘ఫోరస్ ఫాసా అర్ ఎయిరిన్’ అనే ఐరిష్ భాషలోని ఐర్లండ్ చరిత్రకు 1902–1914 మధ్య ఆంగ్లానువాదంతో వెలువడిన ముద్రణకు పునర్ముద్రణ. మొదటి సంపుటంలోని పీఠిక ఒక్కటే పెట్టిన డబ్బుకు సరిపోతుంది: ఐరిష్ ప్రజలను అనాగరికులుగా చిత్రించిన గిరాల్డస్, స్పెన్సర్, స్టానిహర్స్ట్ వంటి పూర్వ రచయితలను, పూలను వదిలి పేడను వెదికే పురుగుతో పోల్చి, ఆ దేశపు ప్రాచీన గ్రంథాలు తెలియనివారికి దాని చరిత్ర రాసే అర్హత ఎక్కడిదని ఆయన నిలదీస్తారు. జలప్రళయానికి పూర్వం నుంచి మొదలయ్యే వంశకథలను మాత్రం, కాకతీయుల కథ చెప్పే మన ‘ప్రతాపరుద్ర చరిత్రము’ను చదివినట్లే, గాథను గాథగా గుర్తిస్తూ చదవాలి. నాలుగో సంపుటం సూచికలో కొన్ని పుటలు లేవు. దుకాణదారు ఆ సంగతి ముందే చెప్పి ధర తగ్గించారు.